ఘంటాగణనము



నాదముతో కాలమును నిలుపువారును, దాటించువారును గలరని కథలు పెక్కు దేశములందు గలవు. మన కథలలో నట్టివారు గంధర్వులు. రైవతుని వృత్తాంతము భాగవతము విన్న పెద్దలకు క్రొత్త గాదు. అయినను జ్ఞప్తికి దెచ్చెదను. కుశస్థలి నేలిన యా రాజు తన కూతురు రేవతికి తగిన వరు డెవ్వడో యడుగ దలచి, యామెను వెంటబెట్టుకొని బ్రహ్మలోకమునకు బోయెను. అచ్చట గంధర్వులు పాడుచుండిరి. పాట నడుమ మాటాడుట మర్యాద గాదని రాజు క్షణకాల మాగెను. పిదప తన మనసున నున్న రాజకుమారుల పేర్లు విన్నవింపగా బ్రహ్మ నవ్వి, వారును లేరు, వారి మనుమలును లేరు, నీ వాగిన యంతలో నిరువదియేడు మహాయుగములు గడచిన వనెను. మహాయుగమునకు 43,20,000 సంవత్సరముల చొప్పున లెక్కింపుడు. 11 కోట్ల 66 లక్షల 40 వేల యేండ్లు! ఆ నవమస్కంధమును తెనిగించిన పోతన మన యొంటిమిట్టవాడా, యోరుగంటివాడా యను తగవు నేడు మనకు వలదు.

అది పురాణము. నాదముతో కాలమును గొలుచుట మాత్రము పురాణము గాదు. అడుగున సన్నని బెజ్జము గల రాగిగిన్నెను నీటిపై విడిచెడివారు. నీరు మెల్లగా నెక్కి గిన్నె మునిగిన నొక గడియ, అనగా నిరువదినాలుగు నిమిషములు. దినమున కఱువది గడియలు. కావలివాడు వెంటనే గంట కొట్టెడివాడు. చేనిలో నున్న రైతునకు గిన్నె కనబడకున్నను మ్రోత వినబడెడిది. ఆ గడియ నుండియే గడియారమను మాట పుట్టినది.

మాట వచ్చినది గావున జెప్పుచున్నాను. జమ్మలమడుగు ప్రాంతమున నెమళ్లదిన్నెలో బుట్టి ప్రొద్దుటూరున వెలసిన శివభారతకర్త వేంకటశేషశాస్త్రిగారి (1894–1980) యింటిపేరు గడియారము. రాణాప్రతాపసింహచరిత్రము రచించిన దుర్భాక రాజశేఖరకవిగారి (1888–1957) పేరు తుదనే శతావధాని యను బిరుదు నిలిచిపోయినది. తరువాతి కాలమున సి. వి. సుబ్బన్నగారును, నరాల రామారెడ్డిగారును ఆ యూరికే యవధానమున కీర్తి దెచ్చిరి. ప్రొద్దుటూరనగానే లోకులకు బంగారపు కొట్లు తోచును. నాకు అవధానులు తోతురు. గంధర్వులు కథలోనివారు, వీరు మన బజారులో నడచినవారు.

అష్టావధాన మనగా నెనిమిదిమంది పృచ్ఛకులు చుట్టు గూర్చుండి యొక్కని మనస్సు నెనిమిది వైపుల లాగుట. ఒకరు సమస్య నిత్తురు, ఒకరు నాలుగు మాటలిచ్చి పద్యమున నిముడ్చు మందురు, ఒకరు అక్షర మక్షరమునకు నిషేధము పెట్టుదురు, ఒకరు పనిలేని ప్రసంగములతో విసిగింతురు. ఒక్కొక్క పద్యమును ఒక్కొక్క పాదముగా నాలుగు వరుసలలో ముగింపవలెను. కడపట నన్నిటిని మరల నొప్పగించుట ధారణము. ఈ సందడి నడుమ నొకడు తనకు దోచినపు డెల్ల గంట కొట్టుచుండును. ఎన్ని కొట్టెనో యవధాని చెప్పవలెను. ఇది తక్కిన వాటికంటె దేలిక యని చాలమంది యనుకొందురు. నా యనుభవము వేఱు. గంధర్వుల పాట వినువాని కాలమును హరించును. అవధాని తన పద్యములో తాను మునిగియుండియు కాలమును జాఱనీయడు.

నా పదునెనిమిదవ యేట పులివెందుల సమీపమున నొక గ్రామమున గుడి మంటపమున నవధానము జరిగెను. నాకు ఛందస్సు రాదు గావున పెద్దలు గంట నా చేతి కిచ్చిరి. లెక్క తప్పకుండుటకై పంచెకొంగున చింతగింజలు పోసికొని, కొట్టినపు డెల్ల నొక గింజను ఒడిలో వేసికొనుచుంటిని. రెండు వరుసలు చక్కగా నడచినవి. మూడవ వరుసలో వర్ణనాంశము వచ్చెను. ఎండిన పెన్నకు నడిరేయి నీరు వచ్చుటను వర్ణింపు మని పృచ్ఛకు డడిగియుండెను. ఆ సంవత్సరము వానలు లేవు. అవధాని గొంతెత్తగానే యిసుకపై నీటి చప్పుడు వినబడినట్లయ్యెను. నా కుడిచేయి గంట కొట్టుచునే యున్నది. ఎడమచేయి గింజను దీసినదో లేదో యెఱుగను.

ధారణము ముగిసిన పిదప సభాధ్యక్షులు గంటలెన్ని యని యడుగగా, అవధాని తడుముకొనక "నలుబదిమూడు" అనెను. అందఱును నా వైపు చూచిరి. ఒడిలోని గింజలను నే నప్పటికే లెక్కించియుంటిని. నేను లేచి "సరియే" యంటిని. చప్పట్లు మ్రోగినవి.

రాత్రి భోజనముల వేళ నేను వడ్డించుచుండగా నాయన తల యెత్తి, నెమ్మదిగా, "ఏమి నాయనా, పెన్న పద్యము నీకు నచ్చినదా?" యని యడిగెను. నా చేతిలోని గరిటె నిలిచిపోయెను. "నచ్చినది స్వామీ" యంటిని. ఆయన మఱేమియు ననక మజ్జిగ పోయుమనెను.

ఆయన యిప్పుడు లేరు. లెక్కలో నా గింజలే తప్పినవని నాడు నాకు దోచలేదు. పరువు పోవునని మాత్రమే యబద్ధమాడితిని. ఆ ప్రశ్న వినిన పిదపనే, నేను జాఱిన చోటు సైత మాయన కనిపెట్టె నని తెలిసినది. నాటి సభలో నున్నవా రెవరైన నేడు వినుచున్నచో వారికి జెప్పవలసిన మాట యొకటి మిగిలియున్నది. నా యొడిలో నున్నవి ముప్పదియెనిమిది గింజలు.