హాజరు పట్టీలో ఉన్నవాళ్లు పాఠంలోనూ ఉండాలి



పట్టాలు అందుకుంటున్న మీ ముందు, బహుళ సంస్కృతుల సాహిత్యానికి చదువులో ఉన్న చోటు గురించి మాట్లాడమన్నారు. మాట కొంచెం బరువుగా ఉంది, ఢిల్లీ సెమినార్లలో వినిపించే మాటలా ఉంది. కానీ విషయం మన ఇంటిదే.

నల్లగొండ వైపు పల్లెల్లో ఏదైనా సర్కారు బడికి వెళ్లి హాజరు పట్టీ తిరగేయండి. సైదులు, సైదమ్మ, జానయ్య అనే పేర్లు తగులుతాయి. ఆ పిల్లల్లో చాలామంది ముస్లింలు కారు. పాలకీడు దగ్గర జాన్‌పహాడ్ దర్గాలో మొక్కుకున్నాక పుట్టిన పిల్లలు. గొల్లల ఇంటివాళ్లు, మాదిగల ఇంటివాళ్లు, తండాల పిల్లలు. ఏటా జనవరిలో జరిగే ఉర్సుకు వాళ్ల కుటుంబాలు బండ్లు కట్టుకొని పోయి కందూరు విందు చేసి వస్తాయి. పాలమూరు వైపు కొత్తూరు దగ్గరి జహంగీర్ పీర్ దర్గాదీ అదే కథ. పీరీల పండుగ నాడు గుండం చుట్టూ అలాయి తిరుగుతూ హసన్ హుస్సేన్ల మీద పాడే పాటలు తెలుగు పాటలే. పాడేవాళ్లలో సగంమందికి నమాజు ఎలా చేస్తారో తెలియదు. మతసామరస్యం అనే పెద్ద మాట ఈ మనుషులు ఎవరూ వాడరు. వాళ్లకు అది మొక్కు, అంతే.

ఇది నిన్న మొన్నటిది కాదు. మహబూబ్‌నగర్‌కు దగ్గరలోనే ఉన్న కోయిలకొండ కోటలో 1550 నాటి ఒక తెలుగు శాసనం ఉంది. విజయనగరంలో ఏళ్ల తరబడి తలదాచుకున్న ఇబ్రహీం కుతుబ్‌షా గోల్కొండ గద్దె కోసం తిరిగి వస్తున్నప్పుడు, ఆయన పక్షాన నిలుస్తామని కోటలోని వాళ్లు చేసిన ప్రమాణం అది. హిందువులూ ముస్లింలూ కలిసి ఒక సుల్తానుకు తెలుగులో మాట ఇచ్చారు. ఆ తర్వాత అదే ఇబ్రహీం తెలుగు కవులకు మల్కిభరాముడయ్యాడు, అద్దంకి గంగాధర కవి తన కావ్యాన్ని ఆయనకు అంకితం ఇచ్చాడు. ఈ శాసనం మన జిల్లా చరిత్ర పాఠంలో మొదటి పుటలో ఉండాల్సింది. మీలో ఎంతమంది చూశారో చేతులెత్తమని అడగను, ఇబ్బంది పెట్టినట్టవుతుంది.

ఇక పడమటికి వెళ్లండి. నారాయణపేట, మక్తల్ దాటి కృష్ణ స్టేషన్ దాకా వెళ్తే ఒకే వాకిట్లో తెలుగు, కన్నడ, ఉర్దూ వినిపిస్తాయి. దామరగిద్ద బుర్రవీణ కళాకారుడు దాసరి కొండప్ప తత్వాలు తెలుగులోనూ పాడతారు, కన్నడలోనూ పాడతారు. 2024లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. అదే ఏడాది పాత నల్లగొండ జిల్లాలోని ఒక తండా మనిషి, కేతావత్ సోమ్‌లాల్‌కు కూడా పద్మశ్రీ ఇచ్చారు. ఆయన భగవద్గీతను లంబాడీల భాష గోర్‌బోలిలోకి తెచ్చారు. ఆ భాషకు సొంత లిపి లేదు, రాజ్యాంగం ఎనిమిదో షెడ్యూలులో చోటూ లేదు. అందుకని ఆయన తెలుగు అక్షరాల్లో రాశారు. ఇది చిన్న పని కాదు. ఇతిహాసాన్ని మన భాషలోకి తెచ్చుకోవడంతోనే కదా తెలుగు సాహిత్యం మొదలైందని మనం నన్నయ పాఠంలో చెప్పుకుంటాం. అలాంటి పని మన కాలంలో, మన పక్క తండాలో, మరో భాషకు జరిగింది. నన్నయ మీద వ్యాసరూప ప్రశ్న ప్రతి ఏడూ వస్తుంది. సోమ్‌లాల్ మీద ఒక్క మార్కు ప్రశ్న మీకెప్పుడైనా వచ్చిందా?

2022లో పద్మశ్రీ అందుకున్న దర్శనం మొగులయ్య సంగతీ ఇంతే. నల్లమల అంచున అవుసలికుంట ఆయన ఊరు, డక్కలి కులం, పన్నెండు మెట్ల కిన్నెర. బడి పుస్తకంలో ఆయన గురించి పాఠం వచ్చిందని సంతోషించాం. కానీ ఆయన గురించి పాఠం వేరు, ఆయన పాడే కథ పాఠం కావడం వేరు. ఉన్నోళ్లను కొట్టి లేనోళ్లకు పెట్టిన పండుగ సాయన్న కథను ఒక కావ్యాన్ని చదివినట్టు చదవాలి. ఈ కథానాయకుడు ఎవరికి దొంగ, ఎవరికి దేవుడు, కథ చెప్పేవాడు ఎటు నిలబడి చెబుతున్నాడు అని తరగతిలో తేల్చుకోవాలి. కళాకారుడికి శాలువా కప్పడం తేలిక. ఆయన పాటకు మార్కులు పెట్టడమే కష్టం.

ఎవరి రచన లెక్కలోకి రావాలన్న మాట వచ్చినప్పుడు సురవరం ప్రతాపరెడ్డి గారిని తలచుకోకుండా ఈ జిల్లాలో ఎవరూ మాట్లాడలేరు. ఇప్పటి జోగులాంబ గద్వాల జిల్లా బోరవెల్లిలో 1896లో పుట్టారు. సంస్కృతం, ఉర్దూ, పారశీకం చదివి, 1926 నుంచి గోలకొండ పత్రిక నడిపారు. నిజాం రాష్ట్రంలో తెలుగు కవులు పూజ్యమని ఒక పండితుడు రాస్తే, కోపంతో నాలుగు సంపాదకీయాలు రాసి ఊరుకోలేదు. ఊరూరికీ ఉత్తరాలు పోయాయి, పద్యాలు వచ్చాయి. 1934లో 354 మంది కవులతో గోలకొండ కవుల సంచిక అచ్చయింది. లేరన్న మాటకు లెక్క చూపించడమే ఆయన జవాబు. తర్వాత రాసిన ఆంధ్రుల సాంఘిక చరిత్రలో రాజుల పట్టాభిషేకాలను పక్కన పెట్టి, జనం ఏం తిన్నారు, ఏం కట్టారు, ఏ ఆటలాడారు అని కావ్యాల్లోంచి, సామెతల్లోంచి ఏరి చెప్పారు. తెలుగుకు మొట్టమొదటి కేంద్ర సాహిత్య అకాడెమీ పురస్కారం 1955లో ఆ పుస్తకానికే వచ్చింది. అప్పటికి ఆయన కన్నుమూసి రెండేళ్లు. ఇప్పుడు హైదరాబాద్‌లోని తెలుగు విశ్వవిద్యాలయానికి ఆయన పేరు పెట్టుకున్నాం.

పేరు పెట్టుకుంటే సరిపోదు. సంచిక ప్రధానంగా పద్యం రాసినవాళ్ల లెక్క. పాట కట్టినవాళ్ల లెక్క కాదు. కిన్నెర మీద కథ చెప్పినవాడు, చిందు ఆడినవాడు, గోర్‌బోలిలో పెళ్లిపాట పాడిన తండా ఆడమనిషి, నల్లమల చెంచు ముసలి ఆ లెక్కలోకి రాలేదు. అది సురవరం వారి తప్పని నేననను. ఆ కాలానికి కవి అంటే పద్యకవే. కానీ మన కాలానికీ అదే నిర్వచనం పట్టుకు కూర్చుంటే మాత్రం, పూజ్యం అన్న ఆ పండితుడి కుర్చీలో మనమే కూర్చున్నట్టు. మిగిలిన లెక్క పూర్తి చేయాల్సింది మీ తరం.

ఎవరి సాహిత్యాన్ని చదవాలన్న ఇలాంటి ప్రశ్నే 1968లో నైరోబీ యూనివర్సిటీ కాలేజీలో వచ్చింది. కెన్యా రచయిత గూగీ వా థియాంగో, మరి ఇద్దరు అధ్యాపకులు కలిసి ఒక లేఖ రాశారు. ఇక్కడ ఇంగ్లీషు శాఖ ఎందుకు, ఆఫ్రికా సాహిత్యాల, భాషల శాఖ ఉండాలి కదా అని అడిగారు. షేక్‌స్పియర్‌ను తగలబెట్టమనలేదు. మన మౌఖిక సాహిత్యాన్ని, మన రచనలను నడుమ పెట్టుకొని అక్కడి నుంచి లోకాన్ని చదువుదాం అన్నారు. ఆ పేచీతోనే అక్కడి సాహిత్య శాఖ రూపం మారింది. ఒక విశ్వవిద్యాలయం తన సిలబస్‌ను తాను రాసుకోవడం అంటే అది.

పిల్లల పుస్తకాల మీద పనిచేసిన అమెరికా విద్యావేత్త రూడీన్ సిమ్స్ బిషప్ 1990లో చెప్పిన మాటొకటి బీఎడ్ చదివినవాళ్లు వినే ఉంటారు. పుస్తకం పిల్లవాడికి తనను చూపించే అద్దం కావాలి, ఇతరులను చూపించే కిటికీ కావాలి అన్నారామె. మంచి మాటే, కానీ మన ఊళ్లకు పూర్తిగా సరిపోదు. కిటికీ అంటే అవతలి ఇల్లు వేరని అర్థం. జాన్‌పహాడ్‌కు మొక్కిన తల్లికి దర్గా అవతలి ఇల్లు కాదు. మన దగ్గర వాకిలి ఒకటే, గోడలు తర్వాత కట్టుకున్నవి. చాలావరకు పాఠ్యపుస్తకాలు కట్టినవి.

అయితే అంతా కలిసిమెలిసే ఉన్నామని మురిసిపోవడానికి నేను రాలేదు. ఉర్సులో పక్కపక్కన కూర్చున్నవాళ్లే పట్నంలో గది అద్దెకు వెతికేటప్పుడు వేరైపోతారు. నల్లగొండ పక్కన కేశరాజుపల్లి నుంచి వచ్చిన కథకుడు స్కైబాబ ఈ సంగతి మీదే కథ రాశారు. హైదరాబాద్‌లో ఇల్లు వెతికే ముస్లిం జంట కథ, దాని పేరే వెజిటేరియన్స్ ఓన్లీ. ముస్లిం కవుల గొంతుగా 1998లో జల్‌జలా వచ్చింది. ముస్లిం కథలతో 2004లో వతన్ వచ్చింది. రెంటికీ ఆయన శ్రమ ఉంది. ఆయన కథలు ఇంగ్లీషులోకి పోయాయి. నల్లగొండ డిగ్రీ పిల్లవాడి చేతికి అందాయా అన్నదే నా దిగులు.

ఆ కథను తరగతిలో ఎలా చెప్పాలో ఆలోచించండి. తప్పుగా చెప్పే పద్ధతి అందరికీ తెలిసిందే. క్లాసులో ఉన్న ఒక్క ముస్లిం పిల్లను లేపి, "మీ ఇంట్లో ఇట్లనే ఉంటదామ్మా?" అని అడగడం. పాఠం అక్కడే చచ్చిపోతుంది. ఆ పిల్ల తన మతానికి సాక్షిగా బోనెక్కుతుంది. కథను అందరి కథగా మొదలుపెట్టండి. మీలో హైదరాబాద్ కోచింగ్‌కు వెళ్లి గది కోసం తిరిగినవాళ్లు ఎందరు? ఇంటి ఓనరు ముందు ఏమడిగాడు? కులం తెలుసుకోవడానికి "మీరేమిట్లు?" అని అడగలేదా? ఆ ప్రశ్నకు నోరు తడారినవాళ్లు ముస్లింలు మాత్రమే కాదు. మాదిగ పిల్లవాడికి తెలుసు, తండా పిల్లకు తెలుసు. కథ అక్కడి నుంచి నడిస్తే క్లాసులో ఎవరూ ఒంటరి కారు.

భాష సంగతీ చెప్పాలి. బిజినేపల్లిలో పుట్టిన పాకాల యశోదారెడ్డి గారు మా ఊరి ముచ్చట్లులో పాలమూరు ఆడవాళ్ల మాటను మాటగానే అచ్చు వేయించారు. ఆమె సంస్కృతం తెలియక అట్లా రాసినవారు కాదు, ఉస్మానియాలో ఆచార్యులు. నల్లగొండ మాదిగవాడ మాటతో వేముల ఎల్లయ్య కక్క నవల రాశారు. మొదటి పుటలు కొరుకుడు పడవు, నిజమే. మనుచరిత్ర మొదటి పద్యం మాత్రం ఎవరికి కొరుకుడు పడింది? దానికి టీకా రాసుకున్నాం, తాత్పర్యం చెప్పుకున్నాం. ఆ గౌరవం కక్కకు ఎందుకివ్వం? ఇప్పటికీ పిల్లలు ఇంటి మాట రాస్తే ఎర్రసిరాతో సున్నా చుట్టే సార్లు ఉన్నారు. రేపు మీరు సార్లు, మేడమ్‌లు అవుతారు. సున్నా చుట్టే ముందు ఆ మాట ఎవరి ఇంటిదో అడిగి తెలుసుకోండి.

తెలంగాణలో పదో తరగతి దాకా తెలుగు తప్పనిసరి చేస్తూ 2018లో చట్టం వచ్చింది. మంచిదే. దేవరకొండ తండాలో ఒకటో తరగతి పిల్లకు ఆ తెలుగే రెండో భాష అని ఆ తరగతిలో చాక్‌పీస్ పట్టుకున్నవాళ్లకు గుర్తుండాలి. తెలుగు నేర్పడానికి ఆమె గోర్‌బోలిని చెరిపేయక్కర్లేదు. నాలుగు గోర్‌బోలి మాటలు తెలుగు లిపిలోనే బోర్డు మీద రాయండి. సోమ్‌లాల్ గీత మొత్తం అట్లానే రాశారు కదా. నిజామాబాద్ తండా నుంచి వచ్చిన రమేశ్ కార్తీక్ నాయక్ ఢావ్లో కథలకు 2024లో కేంద్ర సాహిత్య అకాడెమీ యువ పురస్కారం అందుకున్నాడు. ఇక మన తండాల నుంచి ఒకరు రావాలి.

కామర్సు, సైన్సు వాళ్లు ఇది తెలుగు శాఖ గొడవ అనుకుంటున్నారేమో. మక్తల్ బ్యాంకులో కౌంటరు అవతల కన్నడ రైతు నిలబడ్డప్పుడు తెలుస్తుంది. పాలమూరు లేబర్ అని దేశమంతా పిలిచిన మన తాతలు ముంబై దాకా పోయి డ్యాములు, మేడలు కట్టారు. అక్కడి కామాటిపురకు ఆ పేరు ఇటు నుంచి వెళ్లిన కామాటి కూలీల వల్లే వచ్చింది. చదువులేని ఆ మనుషులు మూడు నాలుగు భాషల్లో కూలి బేరం చేశారు. చదువుకున్నాక మనం ఒక భాషకు తగ్గితే ఎలా?

ఒకప్పుడు నల్లగొండ, పాలమూరు జిల్లాల్లో ఉన్నవి ఉస్మానియా పీజీ సెంటర్లే. నల్లగొండలో మహాత్మాగాంధీ విశ్వవిద్యాలయం 2007లో, ఇక్కడ పాలమూరు విశ్వవిద్యాలయం 2008లో వచ్చాయి. భవనాలు వచ్చాయి, పట్టాలు వస్తున్నాయి. వీటన్నిటికంటే పెద్దది ఇంకొకటి వచ్చింది. మన సిలబస్ మనమే రాసుకునే హక్కు. మన చదువుల్లో పరీక్షలో రానిదాన్ని ఎవరూ చెప్పరు, ఎవరూ చదవరు. ఉపవాచకంలో వేసినదాన్ని చివరి వారంలో గైడు చూసి ముగిస్తారు. సాంస్కృతిక దినోత్సవం నాడు లంబాడీ దుస్తులు వేయించి ఫొటో దిగితే ఆ సంస్కృతిని చదువులోకి తెచ్చినట్టు కాదు.

అందుకే నా విన్నపం పట్టభద్రులకంటే ముందు ఈ వేదిక మీదున్న ఆచార్యులకు. వచ్చే ఏడాది ప్రశ్నపత్రాలు తయారుచేసేది మీరే. గోలకొండ కవుల సంచిక పక్కన కిన్నెర కథను, కావ్యం పక్కన కక్కను, వెజిటేరియన్స్ ఓన్లీని ప్రధాన వాచకంలో పెట్టండి. పెట్టి, ఛాయిస్ లేని పది మార్కుల ప్రశ్న ఒకటి అడగండి.