ఫిలాసఫీ క్లాసులో మన అమ్మల మాటకు చోటెక్కడ?

(ఆదివాసీ విద్యార్థుల శిక్షణా తరగతిలో చేసిన ప్రసంగ పాఠం)



పోడు పట్టాల గురించి, హాస్టల్ మెస్ బిల్లుల గురించి మాట్లాడుకోవాల్సిన చోట ఈ ఫిలాసఫీ గొడవేంటి అని మీలో కొందరికి అనిపించొచ్చు. న్యాయమంటే ఏమిటి, ఎవరి మాట నమ్మాలి, ఎవరిని మనిషిగా లెక్కేయాలి అనే ప్రశ్నలన్నీ తత్వశాస్త్రంలోవే. ఇవే ప్రశ్నలకు పోలీస్ స్టేషన్‌లో, కోర్టులో, ఐటీడీఏ ఆఫీసులో జవాబులు తయారవుతుంటాయి. ఆ జవాబులిచ్చే ఆఫీసర్లు ఏదో ఒక కాలేజీలో చదువుకునే వచ్చారు. అందుకే ఆ కాలేజీ సిలబస్ మనకు సంబంధించిన విషయమే.

ముందు మనం రోజూ వాడే తెలుగునే చూద్దాం. అతను వచ్చాడు. ఆమె వచ్చింది. ఆవు వచ్చింది. బస్సు వచ్చింది. ఏకవచనంలో ఆడమనిషి క్రియ ఆవుతో, బస్సుతో కలుస్తుంది. మగవాడిది మాత్రం వేరు. వ్యాకరణం దీనికి మహత్తు, అమహత్తు అని పేర్లు పెట్టింది. అదే ఆడవాళ్లు పదిమంది కలిసి వస్తే "వచ్చారు" అంటాం, అప్పుడు మనుషుల వరసలో చేరతారు. వ్యాకరణం ఇలా ఉంది కాబట్టే అన్యాయం పుట్టిందని నేను అనడం లేదు. కానీ రోజూ నోటితో అనే మాటను ఆపి, ఇది ఇలా ఎందుకుంది అని అడగడమే ఫిలాసఫీకి మొదటి మెట్టు. మీ గోండిలో, కొలామీలో, కోయలో, కువిలో, సవరలో ఇది ఎలా ఉందో ఇంటికెళ్లి మీ అవ్వను అడగండి. ఒక క్లాసుకు సరిపోయే పాఠం దొరుకుతుంది.

ఇక పుస్తకాల సంగతి. పాశ్చాత్య తత్వానికి పెద్ద దిక్కు అని చెప్పే అరిస్టాటిల్, మగవాడు పాలించడానికి, ఆడది పాలించబడడానికి ప్రకృతే ఏర్పాటు చేసిందని రాశాడు. పుట్టుకతోనే బానిసలైనవాళ్లు ఉంటారనీ రాశాడు. చాలా క్లాసుల్లో ఆయన తర్కం చెప్తారు, నీతి చెప్తారు, ఈ ముక్క దగ్గరికొచ్చేసరికి "ఆ కాలం అలాంటిది" అని పేజీ తిప్పేస్తారు. పేజీ తిప్పకండి అని అడగాల్సింది మనమే. ఆడవాళ్లనూ బానిసలనూ పక్కకు పెట్టి కట్టిన నీతి శాస్త్రం, వాళ్లను లోపలికి తెస్తే నిలబడుతుందా, కూలుతుందా? ఇది పరీక్షలో అడగాల్సిన ప్రశ్న.

ఆడవాళ్లు ప్రశ్నించలేదా అంటే, ప్రశ్నించారు. బృహదారణ్యక ఉపనిషత్తులో గార్గి ఒకదాని వెనక ఒకటి అడుగుతూ పోతే, ఇంకా అడిగితే తల రాలిపడుతుందని యాజ్ఞవల్క్యుడు హెచ్చరించాడు. ఆమె కాసేపాగి, మళ్లీ లేచి అడిగింది. యూరప్‌లో 1643లో బొహీమియా రాకుమారి ఎలిజబెత్ డెకార్ట్‌కు ఉత్తరం రాసింది. మనసుకు ఆకారం, బరువు లేవంటున్నావు, మరి అది చెయ్యిని ఎలా కదిలిస్తుంది అని అడిగింది. ఆ ప్రశ్న నేటికీ తెగలేదు. డెకార్ట్ ఉన్న ప్రతి సిలబస్‌లో ఎలిజబెత్ ఉత్తరం కూడా ఉండాలి. ఆమె మీద దయతో కాదు, ఆ ప్రశ్న లేకపోతే పాఠమే సగం కాబట్టి.

అయితే స్త్రీల పేర్లు చేర్చగానే పని అయిపోదు. ఏ స్త్రీలు అనేది ఇంకో ప్రశ్న. గార్గి రాజసభలో ఉంది, ఎలిజబెత్ రాచబిడ్డ. పొలంలో, అడవిలో పనిచేసే ఆడమనిషి ఎక్కడ? తారాబాయి షిండే 1882లోనే మరాఠీలో "స్త్రీ పురుష తులన" రాసి, తప్పంతా ఆడదాని మీదే ఎందుకు వేస్తారని నిలదీసింది. అంబేద్కర్ 1916లో కొలంబియా యూనివర్సిటీలో చదివిన వ్యాసంలో, కులం నిలబడేది సొంత కులంలోనే పెళ్లి అనే కట్టుబాటు మీద అనీ, దానికోసమే సతి, బలవంతపు వైధవ్యం, బాల్య వివాహం వచ్చాయనీ వాదించారు. అంటే స్త్రీ గురించి మాట్లాడకుండా కులం గురించి మాట్లాడలేం. ఇది స్త్రీవాద తత్వం కాకపోతే మరేమిటి? సిమోన్ ద బోవా "సెకండ్ సెక్స్" 1949లో వచ్చింది. ఆ పుస్తకం పక్కన వీళ్లిద్దరినీ పెట్టి చెప్పొచ్చు కదా!

అమెరికాలో కింబర్లీ క్రెన్‌షా 1989లో ఒక కేసును ఎత్తి చూపింది. ఒక కార్ల కంపెనీ నల్లజాతి మగవాళ్లను, తెల్లజాతి ఆడవాళ్లను పనిలోకి తీసుకునేది. నల్లజాతి ఆడవాళ్లు మాకు అన్యాయం జరిగిందంటే, కోర్టు జాతి వివక్ష వేరు, లింగ వివక్ష వేరు, రెండూ కలిపి అడగడానికి వీల్లేదంది. రెండు దారులు కలిసే చోట నిలబడ్డ మనిషికి దెబ్బ రెండు వైపుల నుంచీ తగులుతుందని ఆమె చెప్పింది. మన అక్కలకు ఇది పుస్తకం చదవకముందే తెలుసు.

ఇప్పుడు అసలు విషయానికి వస్తాను. మన ప్రాణహితకు అవతల, ఇప్పటి గడ్చిరోలి జిల్లా దేశాయ్‌గంజ్ పోలీస్ స్టేషన్‌లో 1972లో మథుర అనే ఆదివాసీ బాలికపై అత్యాచారం జరిగిందని కేసు. హైకోర్టు ఇద్దరు కానిస్టేబుళ్లకు శిక్ష వేసింది. 1978లో సుప్రీంకోర్టు విడిచిపెట్టేసింది. ఒంటి మీద గాయాలు లేవు కాబట్టి ఆమె ఎదిరించలేదని అనుకుంది. 1979లో నలుగురు న్యాయశాస్త్ర అధ్యాపకులు ఆ తీర్పును నిలదీస్తూ బహిరంగ లేఖ రాశారు. లొంగిపోవడమూ ఒప్పుకోవడమూ ఒకటేనా అన్నది అందులో ముఖ్యమైన ప్రశ్న. దేశమంతా ఆడవాళ్లు వీధిలోకి వచ్చారు. 1983లో చట్టం మారింది. కస్టడీ అత్యాచారం కేసుల్లో, నేను ఒప్పుకోలేదని బాధితురాలు చెప్తే కోర్టు ముందు అది నిజమనే తీసుకోవాలి. ఈ దేశపు మహిళా ఉద్యమ చరిత్రలో ఇంత పెద్ద మలుపు ఒక ఆదివాసీ పిల్ల పేరు మీద ఉంది. "సమ్మతి అంటే ఏమిటి" అనే పాఠం మథుర పేరు లేకుండా ఎలా చెప్తారు?

2007లో మిరాండా ఫ్రికర్ అనే తత్వవేత్త ఒక పుస్తకం రాసింది. ఒక మనిషి ఎవరన్నదాన్ని బట్టి ఆ మనిషి మాటకు విలువ తగ్గించడం కూడా అన్యాయమే, అది జ్ఞానానికి సంబంధించిన అన్యాయం అంది. అదే 2007 ఆగస్టులో విశాఖ ఏజెన్సీ వాకపల్లిలో 11 మంది కోందు మహిళలు, కూంబింగ్‌కు వచ్చిన పోలీసులు తమపై అత్యాచారం చేశారని చెప్పారు. 2023 ఏప్రిల్‌లో ప్రత్యేక కోర్టు నిందితులను నిర్దోషులుగా వదిలింది. దర్యాప్తు సరిగా చేయలేదని తప్పుపట్టి, ఆ మహిళలకు పరిహారం ఇవ్వమని కూడా అదే తీర్పులో చెప్పింది. ఫ్రికర్ పుస్తకాన్ని లండన్ ఉదాహరణలతోనే ఎందుకు చదవాలి? మన భాషలో చెప్పిన మాట తెలుగులో ఎఫ్ఐఆర్ అయ్యేసరికి ఎంత మిగులుతుంది? దీని మీద పరిశోధన చేయాల్సింది మన పిల్లలే.

ఇంతవరకు వేలు బయటికి చూపించాను. ఇప్పుడు మన ఊరి వైపు చూద్దాం. "మా ఆదివాసీల్లో ఆడ మగ సమానమే, మేడారంలో కొలిచేది సమ్మక్క సారలమ్మలనే కదా" అని మనం గర్వంగా అంటాం. మరి భూమి ఎవరి పేరు మీదుంది? హిందూ వారసత్వ చట్టం సెక్షన్ 2(2) ప్రకారం ఆ చట్టం షెడ్యూల్డ్ తెగలకు వర్తించదు. చాలాచోట్ల ఆచారం పేరుతో కూతురికి వాటా లేదంటారు. 2025 జులైలో ఒక గోండు కుటుంబం కేసులో, ఆడవాళ్లకు వాటా లేదనే ఆచారం ఉన్నట్టు రుజువు కానప్పుడు వాటా ఇవ్వాల్సిందేనని సుప్రీంకోర్టు చెప్పింది. ఆచారం మనది, కాపాడుకోవాలి. కానీ ఆ ఆచారాన్ని నిర్ణయించిన పంచాయితీలో ఆడవాళ్లు కూర్చున్నారా? ఈ ప్రశ్న అడిగితే బయటి చదువు తలకెక్కిందంటారు. అననీయండి. గార్గిని కూడా ఆగమన్నారు.

మరి ఏం చేయాలి? డిగ్రీ, పీజీ చదివేవాళ్లు మీ లెక్చరర్‌ను మర్యాదగానే అడగండి: "సార్, స్త్రీవాదాన్ని ఆఖరి యూనిట్‌లో పెట్టి, టైం లేదని ఎందుకు వదిలేస్తున్నారు? న్యాయం, జ్ఞానం, శరీరం, ప్రతి యూనిట్‌లోనూ ఎందుకు కలపరు?" పాఠాలు చెప్పే మిత్రులకు ఒక విన్నపం. క్లాసులో ఎప్పుడూ ఇంగ్లీష్ వచ్చిన ముగ్గురే మాట్లాడుతుంటే, ముందు అందరినీ తమ భాషలో రాయమనండి, తర్వాత చర్చ పెట్టండి. అలాగని ఆదివాసీ పిల్లను లేపి "మీ తెగ గురించి చెప్పు" అనకండి. తను మ్యూజియం బొమ్మ కాదు. కాంట్ గురించి ఏమనుకుంటున్నావో అడగండి.

ఊళ్లో ఉన్నవాళ్లకు ఇంకో పని ఉంది. అటవీ హక్కుల చట్టం 2006 ప్రకారం పెళ్లైనవాళ్లకు పట్టా భార్యాభర్తలిద్దరి పేరు మీద ఇవ్వాలి. ఆ చట్టం కింద జరిగే గ్రామసభ కోరంలో మూడో వంతు ఆడవాళ్లు ఉండాలి. మీ ఇంట్లో పట్టా తీసి చూడండి, అమ్మ పేరుందా? ఈసారి గ్రామసభలో అమ్మ సంతకం పెట్టి వెళ్లిపోయిందా, మాట్లాడిందా? మాట్లాడితే ఏమందో రాసి పెట్టండి. రేపు మనం అడగబోయే సిలబస్‌కు ఆ కాగితాలు కావాలి.

జై ఆదివాసీ!