తీర్పుకు ముందే జప్తు

మస్కట్‌లోని రూవిలో మనవాళ్లు నలుగురు కలిస్తే తప్పకుండా వచ్చే మాట ఒకటుంది. "ఊళ్లో బావమరిదికి నోటు మీద డబ్బిచ్చాను. ఇప్పుడు వాడు పొలం అమ్మేస్తున్నాడట. కోర్టు ఆపదా అండీ?"

ఆపుతుంది. సివిల్ ప్రొసీజర్ కోడ్‌ 38వ ఆర్డరు 5వ రూలు అందుకే ఉంది. అయితే అప్పున్నదని చూపిస్తే చాలదు. రేపు వచ్చే డిక్రీ అమలు కాకుండా చేయాలనే ఉద్దేశంతోనే ప్రతివాది ఆస్తి వదిలించుకుంటున్నాడని చూపాలి. దావా పడినంత మాత్రాన మనిషికి తన ఆస్తి అమ్ముకునే హక్కు పోదనీ, హామీ లేని అప్పును హామీ ఉన్న అప్పుగా మార్చుకోవడానికి ఈ రూలు వాడకూడదనీ 2007లో రామన్ టెక్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అది న్యాయమైన మాట. అవతలివాడు ఆస్పత్రి ఖర్చుకే అమ్ముతుండవచ్చు కదా! సరైన ఆధారం లేకుండా జప్తు చేయిస్తే 95వ సెక్షన్ కింద యాభై వేల రూపాయల దాకా పరిహారం కట్టాల్సి రావచ్చు.

కాబట్టి అఫిడవిట్‌లో "అమ్ముతాడేమోనని భయం" అని రాస్తే సరిపోదు. బేరం ఎవరితో, ఎంతకు, ఈ సంగతి మీకెలా తెలిసింది? అవి రాయాలి. సర్వే నంబరు, హద్దులు, అంచనా విలువ ఇవ్వాలి. కోర్టు మొదట హామీ చూపమనో, కారణం చెప్పమనో ప్రతివాదికి నోటీసు ఇస్తుంది. తొందర ఉంటే ఆ నోటీసుతోపాటే షరతులతో జప్తు ఇస్తుంది. నోటీసు లేకుండా చేసిన జప్తు చెల్లదు. ఉత్తర్వు వచ్చాక అమీను వెళ్లి పొలం దగ్గర టముకు వేయించి, ప్రతిని అక్కడా కోర్టులోనూ అంటిస్తాడు. ఆ తర్వాత జరిగిన అమ్మకం మీ బాకీ ముందు నిలవదు. జప్తుకు ముందే రాసిన విక్రయ దస్తావేజు మాత్రం, దాని రిజిస్ట్రేషన్ జప్తు తర్వాత జరిగినా, నిలుస్తుందని హమ్దా అమ్మాళ్ కేసు తీర్పు. అందుకే కబురందిన రోజే కదలాలి.

ఒమాన్‌లోనూ 29/2002 రాయల్ డిక్రీ కింద ముందుజాగ్రత్త జప్తు ఉంది. కానీ మస్కట్ కోర్టు ఉత్తర్వు తెనాలి పొలాన్ని నేరుగా పట్టుకోలేదు. ఆ పని అక్కడి కోర్టుదే.

ఇంకో సంగతి నన్ను ఎక్కువ బాధిస్తుంది. ప్రామిసరీ నోటుకు గడువు మూడేళ్లు. మీరు విదేశంలో ఉన్నారని ఆ గడువు ఆగదు. సెలవుకు వెళ్లినప్పుడు చూద్దాంలే అనుకుని చాలామంది అప్పు కోసం దావా వేసే హక్కే పోగొట్టుకుంటున్నారు. దయచేసి ఈ రాత్రే మీ దగ్గరున్న నోట్ల తేదీలు చూసుకోండి. మూడో ఏడు నడుస్తున్నవి ఉంటే, రేపే ఊళ్లో వకీలుకు ఫోన్ చేయండి.