అతుకు వేసిన మనిషి

(స్వర్ణోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



"సినిమాల్లో ఉన్నావట, ఏ హీరోతో?" అని పొద్దుట్నుంచీ అడుగుతున్నారు. నావి హీరోలు లేని సినిమాలు. నేను డాక్యుమెంటరీలకు ఎడిటర్ని. ఆ పనేమిటో స్టీవర్ట్ మెకాలిస్టర్ కథ చెబితే తేలిగ్గా తెలుస్తుంది.

ఆయన 1914లో స్కాట్లాండులో పుట్టాడు. గ్లాస్గో ఆర్ట్ స్కూల్లో బొమ్మలు నేర్చుకుని, లండన్లో తపాలా శాఖ ఫిల్మ్ యూనిట్లో చేరాడు. యుద్ధం వచ్చాక అదే క్రౌన్ ఫిల్మ్ యూనిట్ అయింది. 1942లో వచ్చిన 'లిజన్ టు బ్రిటన్' మీద దర్శకత్వం, ఎడిటింగ్ రెంటికీ హంఫ్రీ జెన్నింగ్స్ పేరు, ఈయన పేరు కలిపి వేశారు. ఎడిటర్‌కి అలాంటి గౌరవం ఇప్పటికీ అరుదే.

చిత్రం ఇరవై నిమిషాలు. దృశ్యాల మీద వ్యాఖ్యానం ఉండదు. ఫ్యాక్టరీ క్యాంటీన్లో ఇద్దరు హాస్యగాళ్లు పాడుతుంటే కార్మికులు ఈలలతో గొంతు కలుపుతారు. ఆ పాట ముగిసే చోటే నేషనల్ గ్యాలరీలో మైరా హెస్ వాయించే మొజార్ట్ అందుకుంటుంది. అక్కడ శ్రోతల్లో రాణిగారు! క్యాంటీనుకీ రాణిగారికీ మధ్య ఉన్నది ఒక్క అతుకు. నేను దాన్ని ఎన్నిసార్లు వెనక్కి తిప్పి చూశానో లెక్కలేదు.

అప్పట్లో అతుకంటే నిజంగా అతుకే. 35 ఎం.ఎం. ఫిల్ము సెకనుకు 24 ఫ్రేములు, నిమిషానికి 90 అడుగులు. కత్తిరించి, అంచు గీకి, జిగురు పెట్టి అంటించాలి. బొమ్మ ఒక చుట్ట, శబ్దం వేరే చుట్ట. మనసు మార్చుకుని అతుకు విప్పితే ఫ్రేము పోతుంది. అందుకే కత్తిరించే ముందు చాలాసేపు ఆలోచించేవారు. ఇప్పటి పిల్లలు మౌస్ నొక్కి వెనక్కి వెళ్తారు. నేనూ అంతేలెండి.

యుద్ధం అయ్యాక ఏమైంది? 1950లో జెన్నింగ్స్ గ్రీసులో కొండ మీంచి పడి పోయాడు. 1952లో ప్రభుత్వం క్రౌన్ యూనిట్‌ను మూసేసింది. మెకాలిస్టర్ బ్రిటిష్ ట్రాన్స్‌పోర్ట్ ఫిల్మ్స్‌లో పని చేశాడు. ఎడ్గార్ ఆన్‌స్టీ నడిపిన ఆ సంస్థ రైళ్లు, రేవులు, బస్సుల మీద చిత్రాలు తీసేది. పడిపోయాడని కొందరంటారు. నేనొప్పుకోను. నెలజీతానికి రైలు చిత్రం కూర్చినా అదే చెయ్యి కదా. 1962లో, యాభై నిండకుండానే వెళ్లిపోయాడు. డై వాన్ అనే మరో ఎడిటర్ ఆయన మీద పుస్తకం రాసి 1983లో వెలువరించాడు. దాని పేరులోనే ఆయన్ని 'కనబడని మనిషి' అన్నాడు.

ఇక మన సంగతి. సంఘం వారు ఈ వేడుకల చిత్రాన్ని నన్ను కూర్చమన్నారు. అతిథుల ప్రసంగాలన్నీ ఉండాలట, నిడివి మాత్రం అరగంట దాటకూడదట. అందులో మన గంట కొట్టే అటెండరు గారి షాటు ఉంది, పదకొండు సెకన్లు. అది తీసేస్తే ఒకరి ప్రసంగంలో ఇంకో రెండు వాక్యాలు పడతాయని సూచన వచ్చింది. కార్యదర్శి గారూ, ప్రసంగాలు మీరు చెప్పినట్టే కుదిస్తాను. గంట మాత్రం పూర్తిగా మోగుతుంది.