టోకియో చేపల అంగడి

జపానునకు పోవు యాత్రికులు పూర్వము దేవాలయములను, చెర్రీ పూవులను, ఫ్యూజీ పర్వతమును చూచి తృప్తి చెందెడివారు. ఇప్పుడు వారిలో అనేకులు టోకియోలో తెల్లవారకమునుపే నిద్ర లేచి చేపల అంగడికి పోవుచున్నారు. రుచుల యాత్ర అను పేర ఎనిమిదిమందియో పదిమందియో ఒక మార్గదర్శి వెంట బయలుదేరి, వేలము చూచి, దుకాణముల నడుమ తిరిగి, అక్కడక్కడ నిలిచి ఒక్కొక్క ముక్క రుచి చూచి, ఎండ ముదరకమునుపే బస చేరుదురు. చేపలు తిననివారికి ఇందేమున్నదని కొందరు శ్రోతలు అడుగవచ్చును. అచ్చట నాలుకకన్న కంటికే పని ఎక్కువ. కోటికి పైబడిన జనము గల నగరము తన భోజనము విషయమున ఎవరి మాటను నమ్ముచున్నదో ఆ అంగడిలో ప్రత్యక్షముగా చూడవచ్చును.

ఈ అంగడి కథ నాలుగు వందల ఏండ్లది. తొకుగావ ఇయెయాసు ఎడో నగరమును, అనగా నేటి టోకియోను, తన పాలనకు కేంద్రముగా చేసికొన్న కాలమున ఒసాకా ప్రాంతమందలి త్సుకుద గ్రామము నుండి జాలరులను రప్పించి, కోటకు చేపలు అందించు పనిని వారికి ఒప్పగించెను. కోటకు ఇచ్చినది పోగా మిగిలినదానిని వారు నిహొంబషి వంతెన దాపున అమ్ముకొనిరి. ఆ మిగులు సరకే క్రమముగా పెరిగి మహానగరపు చేపల అంగడి అయినది. 1923 సెప్టెంబరు 1వ తేదీ నాటి భూకంపము, దాని వెంట చెలరేగిన అగ్ని ఆ అంగడిని రూపుమాపినవి. తరువాత దానిని త్సుకిజికి మార్చిరి. త్సుకిజి అనగా పూడ్చి ఏర్పరచిన నేల అని అర్థము. 1657 నాటి గొప్ప అగ్నిప్రమాదము పిమ్మట తీరపు నీటిని పూడ్చి చేసిన ప్రదేశమది. 1935లో అచ్చట అంగడి తెరవబడినది. దాని ప్రధాన భవనమును విసనకఱ్ఱ అంచువలె వంపుగా కట్టిరి. సామాను రైళ్లు లోపలికే వచ్చి, వంపు తిరిగిన పట్టాలమీద బారుగా నిలుచుటకు అది అనువు. కొన్ని దశాబ్దములకు రైళ్లు పోయి లారీలు వచ్చినవి గాని, వంపు భవనము మాత్రము 2018 వరకు అట్లే పనిచేసినది. ఆ సంవత్సరము అక్టోబరు 6న దానిని మూసి, 11న తొయొసు అను చోట నూతన భవనములను తెరచిరి.

ఆ తరలింపు సుఖముగా జరుగలేదు. తొయొసు నేల పూర్వము గ్యాసు కార్ఖానా ఉండిన చోటు. అచ్చటి మట్టిలోను, భూగర్భజలములోను బెంజీను మొదలగు విషపదార్థములు బయటపడినవి. 2016 నవంబరులో జరుగవలసిన మార్పును టోకియో గవర్నరు శ్రీమతి కొయికె యురికో నిలిపివేసిరి. దానివలన సుమారు రెండేండ్లు ఆలస్యమైనది. చేపలు అమ్ముకొనువానికి భవనపు సొగసుకన్న కొనువాని నమ్మకము ముఖ్యము గదా. తరాల తరబడి త్సుకిజిలో కొట్లు నడిపినవారిలో అనేకులు కదలుటకు ఇష్టపడకపోవుటలో వింత లేదు.

ఇప్పుడు వేలము చూడవలెనన్న తొయొసుకే పోవలెను. మా బృందమునకు మార్గదర్శిగా వచ్చినది అరువదేండ్లకు దగ్గరపడిన ఒక స్త్రీ. ఇంకను చీకటిగా ఉండగానే మమ్ములను కూడదీసి, ఆమె చెప్పిన మొదటి మాట ఇది: “అయ్యా, అమ్మా, మీరు చూడబోవునది ప్రదర్శన కాదు. వారు తమ పని తాము చేసికొనుచున్నారు.” ఆ తరువాత ఆమె ఎన్నో సంగతులు చెప్పినది గాని, నాకు ఇదే ఎక్కువగా జ్ఞాపకమున్నది.

వేలపు శాల నేలకు ఆకుపచ్చ రంగు వేసిరి. ఎఱ్ఱని మాంసపు ఛాయలోని చిన్న భేదము కూడ ఆ రంగుమీద స్పష్టముగా తెలియునట. ఆ నేలమీద ట్యూనా చేపలు తలలు తోకలు తీసినవి, తీయనివి, వరుసలుగా పడియుండును. కొన్ని మనిషికన్న పెద్దవి. ప్రతిదానికిని తోక దగ్గర కోసి లోపలి మాంసము కనబడునట్లు ఉంచుదురు. వేలమునకు ముందు కొనుగోలుదారులు, టోపీలకు లైసెన్సు బిళ్లలు తగిలించుకొని, రబ్బరు బూట్లతో ఆ వరుసల నడుమ తిరుగుదురు. ఒకచేత చిన్న కొక్కెము, మరియొకచేత బ్యాటరీ దీపము. వంగి తోకకోత మీద వెలుగు ప్రసరింపజేసి చూతురు. పిసరంత మాంసము తీసి బొటనవ్రేలికి చూపుడువ్రేలికి నడుమ నలిపి క్రొవ్వు ఎంతయున్నదో గ్రహింతురు. ఎవరును మాటలాడరు. మన తీరమున వంజరమును కొను స్త్రీ మొప్పలెత్తి చూచి, ఒక్కక్షణమున ధర తేల్చును. ఇదియు ఆ విద్యయే. అయితే ఇచ్చట చేప లోపలి సంగతిని, కోయకయే, రూపాయి నాణెమంత కోత నుండి ఊహింపవలెను.

ఆ ఊహ తప్పుటకు అవకాశము చాలా కలదు. ట్యూనా తక్కిన చేపలవంటిది కాదు. దాని శరీరము చుట్టునున్న నీటికన్న వెచ్చగా ఉండును. గాలమునకు చిక్కి పెనుగులాడినప్పుడు ఆ వేడి ఇంకను పెరిగి, లోపలి మాంసము ఉడికినట్లు పాలిపోవును. జపాను వర్తకులు దీనిని ‘యకె’, అనగా కాలినది, అందురు. పైకి నిగనిగలాడుచు, లోపల కాలిన చేప లక్షల యెన్‌లకు అమ్ముడుపోయినచో ఎవరు నష్టపోవలెను? దీనికి త్సుకిజి అంగడివారు ఒక ఏర్పాటు చేసికొనిరి. కొన్నవాడు కోసిన పిమ్మట దాగిన దోషము బయటపడినచో ఆ చేపను పరిశీలకుల ముందు పెట్టవచ్చును. వారు చూచి ధర తగ్గింతురు. దీనికి ట్యూనా న్యాయస్థానమని పేరు కలదు. చూడ చిన్న సంగతివలె ఉన్నది గాని, నా దృష్టిలో ఈ అంగడికి ఇదియే ప్రాణము. ఈ ఏర్పాటు లేనిచో తోకకోతను చూచి ఎవరును నిర్భయముగా పాట పాడరు.

తెల్లవారుజామున అయిదున్నర ప్రాంతమున చేతిగంట మ్రోగును. వేలము పాడువాడు ఒక చిన్న పీటమీద నిలిచి ఊగుచు, లయతో కేకలు వేయును. కొనువారు నోరు తెరవరు. చేతివ్రేళ్ల సంజ్ఞలతో ధర చెప్పుదురు. ఒక్కొక్క చేప కొన్ని క్షణములలో అమ్ముడుపోవును. చూచుచున్న మనకు ఎవరు గెలిచిరో కూడ తెలియదు. క్రొత్తసంవత్సరపు మొదటి వేలమున మాత్రము లోకమంతయు వినునట్లు ధరలు పలుకును. 2019 జనవరి 5న, తొయొసులో జరిగిన తొలి నూతన సంవత్సరపు వేలమున, ఓమా రేవు నుండి వచ్చిన 278 కిలోల ట్యూనాకు 33 కోట్ల 36 లక్షల యెన్‌లు పలికినది. అది చేపకు వెల కాదు, కొన్న హోటలు యజమానికి ప్రకటన వెల. తక్కిన దినములలో జరుగునదే అసలు వ్యాపారము.

మేము ఇదంతయు మేడమీది అద్దముల వెనుక నుండి చూచితిమి. చీట్లలో పేరు వచ్చినవారిని మాత్రము కొంత దగ్గరి వేదిక మీదికి పంపుదురు. అద్దము వేసిరని చింతించు యాత్రికులు కలరు. త్సుకిజిలో వేలము జరుగు చోటికే పోనిచ్చెడివారు గదా అని వారి ఫిర్యాదు. పోనిచ్చిరి, నిజమే, ఆ చనువునకు ఏమి ఫలమో వినుడు. కన్ను చెదరగొట్టు దీపములతో ఫొటోలు తీయుట, అమ్మకపు చేపలను చేతులతో తాకుట, ముచ్చట్లాడుచు దారికి అడ్డము నిలుచుట పెచ్చు పెరిగి, 2008 డిసెంబరు నడుమ నుండి సుమారు ఒక నెల యాత్రికులకు వేలపు శాల మూసివేసిరి. 2010లో దినమునకు 140 మందికని, పిమ్మట 120 మందికని పరిమితి పెట్టిరి. వ్రేళ్ల సంజ్ఞను ఒక్కక్షణము చూడకపోయిన లక్షలు తారుమారగు చోట మెరుపుదీపము వెలిగించుట ఎంత అపరాధమో వేరుగ చెప్పనక్కరలేదు. కనుక ఆ అద్దము నాకు కష్టము కలిగింపలేదు. వాసన పోయినది, చలి పోయినది, గంట ధ్వని తగ్గినది; పనివాని ఏకాగ్రత మిగిలినది.

అచ్చటి నుండి త్సుకిజికి వచ్చితిమి. లోపలి అంగడి తొయొసుకు పోయినను, దాని చుట్టును ఏర్పడిన బయటి అంగడి త్సుకిజిలోనే నిలిచిపోయినది. ఇరుకు సందులలో వందలాది చిన్న దుకాణములు: ఎండుచేపలు, సముద్రపు నాచు, తేయాకు, ఊరగాయలు, కత్తులు, పింగాణీ గిన్నెలు. రాగి రంగు పెనముమీద పొరలు పొరలుగా చుట్టి చేయు తీపి గ్రుడ్డట్టును పుల్లకు గ్రుచ్చి వేడివేడిగా ఇత్తురు. ట్యూనాలో ఎఱ్ఱని భాగము, కొంచెము క్రొవ్వున్న భాగము, పొట్టక్రింది వెన్నవంటి భాగము మూడింటిని ఒకదాని వెంట ఒకటి రుచి చూపించిరి. చివరిదే నేడు మిక్కిలి ప్రియమైనది. ఎడో కాలమున దానిని పిల్లియు ముట్టదని పారవేసెడివారట!

మాతో వచ్చిన తెలుగు దంపతులు శాకాహారులు. కూరగాయల పులుసు తెచ్చియిచ్చినను మార్గదర్శి వారిని ఆపి, “ఇందు చేప ఉన్నది” అని చెప్పినది. చేప కనబడదు; ఆరబెట్టి పొగబెట్టి కఱ్ఱవలె గట్టిపడజేసిన కత్సువొ చేపను చిత్రికపట్టినట్లు తురిమి, ఆ తురుమును వేడినీట వేసి తీసిన రసమే అచ్చటి వంటలు అనేకమునకు ఆధారము. మన శాకాహారులు జపానున జాగ్రత్తపడవలసినది ఇచ్చటనే. అయితే కొంబు అను సముద్రపు నాచుతో మాత్రమే తీసిన రసము కూడ కలదు. బౌద్ధ మఠముల వంటలో దానినే వాడుదురు. ఆ నాచు రుచికి కారణమైన పదార్థమును 1908లో ఇకెద కికునాయె అను రసాయనశాస్త్రజ్ఞుడు వేరుచేసి, ఆ రుచికి ఉమామి అని పేరు పెట్టెను. దంపతులు ఆ నాచును రెండు పొట్లములు కొని సంతోషించిరి.

అంగడికి దాపుననే త్సుకిజి హొంగన్‌జి అను పెద్ద బౌద్ధాలయము కలదు. దాని ముఖభాగమును చూచి మేమందరము ఆశ్చర్యపడితిమి. భూకంపమున పాత ఆలయము నశింపగా, భారతదేశమున సంచరించి వచ్చిన వాస్తుశిల్పి ఇతో చూతా దీనిని రచించెను, 1934లో పూర్తియైనది. అజంతా చైత్యముల ముఖమందలి గవాక్షపు వంపే ఇచ్చటను కనబడును. మన గుంటుపల్లి గుహాచైత్యమును చూచినవారికి ఆ వంపు పరిచయమే.

అంగడికి మరొక ప్రక్కన నమియొకె, అనగా అలలను తొలగించు, ఇనరి దేవత గుడి చిన్నదిగా ఉన్నది. దాని ఆవరణలో వరుసగా శిలలు నిలిపిరి. ఒకటి సుషికి, ఒకటి రొయ్యలకు, ఒకటి సజీవముగా అమ్ముడుపోవు చేపలకు, ఒకటి గ్రుడ్లకు. తమచేత చచ్చిన ప్రాణులకు ఆయా వర్తకులు కృతజ్ఞతతో నిలిపినవవి. మెదడున ముల్లు గ్రుచ్చి, వెన్నులో తీగె దూర్చి క్షణములో చేప ప్రాణము తీయు విద్యలో ఆరితేరినవారే ఈ శిలలకు నమస్కరించుచున్నారు. మా దంపతులలో భార్య గ్రుడ్డుశిల ముందు చాలసేపు నిలిచి, ఏమియు మాటలాడక బయటికి వచ్చినది.

అంగడి భవితవ్యమును గూర్చి మార్గదర్శిని అడిగితిమి. 1984లో జపాను మత్స్యోత్పత్తి ఒక కోటి 28 లక్షల టన్నులు. 2020 తరువాతి ఏండ్లలో అది 40 లక్షల టన్నులకు దిగిపోయినది. ఇండ్లలో యువకులు చేపకన్న మాంసమునే ఎక్కువగా వండుకొనుచున్నారు. పూర్వము ఉదయము గిన్నె పట్టుకొని వచ్చి కొనిపోవు వంటవారికి ఎడమిచ్చెడి సందులు ఇప్పుడు యాత్రికులతో నిండి కాలుపెట్ట చోటు లేకున్నవి. పుల్లకు గ్రుచ్చిన నాలుగు ముక్కలకు వారు చెల్లించు ధర చూచి పాత కొనుగోలుదారులు తప్పించుకొనిపోవుచున్నారని ఆమె నిర్మొగమాటముగా చెప్పినది. “మీరు రాకున్న కొన్ని కొట్లు మూతపడును, మీరు ఎక్కువగా వచ్చిన అవి చేపల కొట్లుగా ఉండవు” అనుచు మా చేతిలోని పుల్లలను తీసి చెత్తబుట్టలో వేసినది.

గుడి వెనుక పాత అంగడి ఉండిన స్థలము ఖాళీగా కనబడుచుండెను. 2024 ఏప్రిలులో దానిని మిత్సుయి ఫుదోసాన్ నాయకత్వమున ఏర్పడిన సంస్థల బృందమునకు అప్పగించుటకు నిర్ణయించిరి. ఏబదివేలమంది కూర్చుండదగిన క్రీడామందిరము అచ్చట రానున్నది. తొమ్మిది గంటలైనది. సందు మొగలో ఒక ముదుసలి వర్తకుడు బల్లమీద మిగిలిన చేపలను మంచుపెట్టెలో సర్దుచు, ఏదో అడుగబోయిన యాత్రికునికి తన కత్తి తగులకుండ దానిని అవతలికి త్రిప్పిపెట్టెను.