కొలువు మానిన కోటగోడ – లుక్కా నగరంలో ఒక పూట నడక

(రాజమండ్రిలో జరిగిన మన సంఘ సర్వసభ్య సమావేశంలో, నీటిపారుదల శాఖలో ఇంజనీరుగా పనిచేసి విశ్రాంతి తీసుకున్న సభ్యులొకరు చేసిన ప్రసంగ పాఠం)



విదేశాలు తిరిగి వచ్చినవాడు మైకు పట్టుకుంటే సభలో సగంమంది గడియారం చూసుకుంటారని నాకు తెలుసు. అందుచేత రోమ్, వెనిస్ నగరాల జోలికి పోను. వాటిని మీ మనుమలు ఫోనులోనే చూపించగలరు. ఇటలీలో మనవాళ్ళు సాధారణంగా దిగని ఒక చిన్న ఊరి గురించి, అక్కడ గైడు వెంట మేము ఒక పూట నడిచిన నడక గురించి మాత్రమే మనవి చేస్తాను.

ఆ ఊరి పేరు లుక్కా. టస్కనీ ప్రాంతంలో ఉంది. ఒరిగిన గోపురం ఉన్న పీసా నుంచి రైలులో అరగంట ప్రయాణం. ఫ్లోరెన్స్ నుంచైతే గంటంబావు, గంటన్నర పడుతుంది. మా అబ్బాయి జర్మనీలో ఉద్యోగం చేస్తున్నాడు. మొన్న అక్టోబరులో నేనూ, నా భార్యా వాడి దగ్గరకు వెళ్ళినప్పుడు నాలుగు రోజులు ఇటలీ చూపించాడు. "నాన్నా, పెద్ద ఊళ్ళలో క్యూలలో నిలబడలేరు, అమ్మ మోకాళ్ళకు ఈ ఊరైతే నయం" అని వాడే ఎంచాడు.

రైలు దిగి రోడ్డు దాటితే ఎదురుగా కోటగోడ. గైడు అక్కడే మా కోసం వేచి ఉంది. అరవై ఏళ్ళకు దగ్గరపడిన ఆవిడ. మేము మొత్తం పన్నెండు మందిమి. అందరికీ చెవిలో పెట్టుకునే చిన్న రేడియో ఒకటి ఇచ్చారు. ఆవిడ ముందు నడుస్తూ మామూలు గొంతుతో మాట్లాడినా, వెనకబడిన మాకు పక్కన కూర్చుని చెప్పినట్టే వినిపించింది. చెవి కాస్త మందగించిన మనవంటివారికి ఇది గొప్ప సదుపాయం. ఆవిడ మొదట అడిగిన మాట "మెట్లు ఎక్కలేనివారు ఎవరైనా ఉన్నారా?" అని. ఆ మాటతోనే మా ఆవిడకు ధైర్యం వచ్చింది.

ముందుగా ఆ గోడ సంగతి చెప్పాలి. ముప్పై నాలుగేళ్ళు గోదావరి గట్ల మీద తిరిగిన ఉద్యోగం నాది. ఆ గోడను చూడగానే ఇది గోడ కాదు, గట్టు అనిపించింది. బయటివైపు ఇటుక కట్టడం, లోపల అంతా దిమ్మిస చేసిన మట్టి. ఎత్తు సుమారు 12 మీటర్లు, అడుగున వెడల్పు సుమారు 30 మీటర్లు. ఊరి చుట్టూ 4 కిలోమీటర్లకు పైగా తెగకుండా సాగుతుంది. మట్టిని వేళ్ళతో పట్టి ఉంచడానికి మొదట్లోనే దాని మీద చెట్లు నాటారట. మనం గట్ల మీద నాటించినది అందుకే కదా!

లుక్కా ఒకప్పుడు పట్టు నేతకు పేరుపడిన స్వతంత్ర గణరాజ్యం. పొరుగున ఉన్న ఫ్లోరెన్స్ ఒక్కొక్క ఊరినే మింగుతూ వస్తోంది. 1555లో సియెనా నగరం కూడా లొంగిపోయింది. ఆ భయంతో లుక్కా పౌరులు పదహారవ శతాబ్దంలో ఈ గోడ మొదలుపెట్టి, పదిహేడవ శతాబ్దం నడిమికి పూర్తిచేశారు. నూరేళ్ళకు పైబడిన పని. తీరా కట్టాక శత్రువు రానేలేదు. దాని మీది ఫిరంగులకు ముట్టడిని ఎదుర్కోవలసిన అవసరమే పడలేదు.

అయితే 1812లో శత్రువు వేరే రూపంలో వచ్చింది. ఊరి పక్కన పారే సెర్కియో నది పొంగింది. ద్వారాలన్నీ మూసివేశారు. చుట్టూ పొలాలు మునిగిపోయాయి గాని ఊరు నిలిచింది. గైడు ఈ మాట చెప్పినప్పుడు నాకు 1986 ఆగస్టు కళ్ళ ముందు మెదిలింది. ఆ వరద రాత్రులు గట్టు మీద గడిపినవారు ఈ సభలో ఇంకా ఉన్నారు. సైన్యం కోసం కట్టిన గోడ ఏటి నీటిని ఆపింది. అంతకంటే ఏం చెయ్యాలి ఏ కట్టడమైనా?

తర్వాత ఫిరంగుల కాలం పోయింది. పందొమ్మిదవ శతాబ్దపు తొలి రోజుల్లోనే ఆ గోడ పైభాగాన్ని జనం నడిచే బాటగా తీర్చిదిద్దారు. ఇక్కడ ఒక సంగతి గమనించాలి. 1865లో ఫ్లోరెన్స్ కొత్త ఇటలీకి రాజధాని అయినప్పుడు, విశాలమైన రోడ్ల కోసం అక్కడి పాత గోడల్లో చాలా భాగం కూలగొట్టారు. ఆ రోజుల్లో అభివృద్ధి అంటే అదే. ఆ మరుసటి ఏడాది, 1866లో, లుక్కా పురపాలక సంఘం తమ గోడను ప్రభుత్వం దగ్గర డబ్బిచ్చి కొనుక్కుంది. పనికిరాని గోడను కొనడమేమిటని అప్పుడు ఎంతమంది నవ్వారో! ఈనాడు ఆ ఊరికి అదే ఆస్తి. మేము వెళ్ళిన ఉదయం దాని మీద స్కూలు పిల్లలు, సైకిళ్ళు, బండిలో పసిబిడ్డను తోసుకుపోయే తల్లులు, బెంచీల మీద పత్రిక చదువుకునే మన వయసువారు కనిపించారు. ఉద్యోగం పోయిన గోడకు ఊరంతా కలిసి మళ్ళీ ఉద్యోగం ఇచ్చింది.

గోడ దిగి ఊళ్ళోకి వెళితే అదే గుణం అడుగడుగునా కనబడుతుంది. మొదట సెయింట్ మార్టిన్ కెథెడ్రల్, అంటే ఆ ఊరి ప్రధాన చర్చి. ముందు భాగంలో మూడు పెద్ద కమానులు. మూడోది మిగతా రెండింటికంటే చిన్నది. మేస్త్రీ లెక్క తప్పాడా అనుకుంటాం. సంగతి ఏమంటే, పక్కనున్న గంటల గోపురం అప్పటికే ఉంది. దాన్ని కదపకుండా కొత్త కట్టడమే కాస్త ఒదిగి నిలబడింది. అక్కడే ఒక స్తంభం మీద చక్రవ్యూహం వంటి బొమ్మ చెక్కి ఉంది. తరతరాలుగా జనం వేలు పెట్టి దారి వెతికి వెతికి ఆ రాయి అరిగిపోయింది. లోపల ఇలారియా అనే యువతి పాలరాతి సమాధి ఉంది. ఆ ఊరిని ఏలిన పావొలో గ్వినీజి భార్య ఆమె. 1405లో చనిపోయింది. యాకొపో దెల్లా క్వెర్చా అనే శిల్పి చెక్కాడు. ఆమె కాళ్ళ దగ్గర చిన్న కుక్క ఒకటి తలెత్తి చూస్తూ ఉంటుంది. మా ఆవిడ చాలాసేపు అక్కడి నుంచి కదలలేదు.

అక్కడి నుంచి సెయింట్ మైకేల్ చర్చి కూడలికి వెళ్ళాం. రోమనుల నాటి సంత కూడలి అది. అక్కడికి కొద్ది అడుగుల దూరంలోనే 1858లో సంగీతకర్త పుచ్చీని పుట్టిన ఇల్లు ఉంది. మనకు పద్యనాటకాలున్నట్టే వారికి ఒపెరాలు. కథంతా పాటలోనే నడుస్తుంది. ఆయన ఇంటి ముందరి కూడలిలో కుర్చీలో కాలు మీద కాలు వేసుకు కూర్చున్న కంచు విగ్రహం పెట్టారు. అరుగు మీద కూర్చున్న పెద్దమనిషిలా ఉంటాడు.

ఉత్తరం వైపు సెయింట్ ఫ్రెడియానో చర్చి. ముఖద్వారం పైన బంగారు వన్నె మొజాయిక్ చిత్రం ఎండకు ధగధగ మెరుస్తుంది. అయితే నేను మీకు చెప్పదలచినది లోపల ఉన్న జీతా అనే సాధ్వి గురించి. పన్నెండో ఏట ఒక సంపన్నుల ఇంట పనిపిల్లగా చేరింది. 1272లో కన్నుమూసేదాకా ఆ ఇంట్లోనే పనిచేసింది. దాదాపు 48 ఏళ్ళ సర్వీసు. ప్రమోషను లేదు, పెన్షను లేదు. తన తిండిలోంచి పేదలకు పెట్టేదట. ఒకనాడు కొంగులో దాచిన రొట్టెలను యజమాని నిలదీస్తే అవి పువ్వులయ్యాయని కథ. ఆమె దేహాన్ని అద్దాల పేటికలో భద్రపరిచారు. ఏటా ఏప్రిల్ 27 దరిదాపుల్లో ఆమె పేర పూల సంత జరుగుతుంది. ఇళ్ళలో పనిచేసేవారికి ఆమె రక్షకురాలు. ఆ ఊరిని రాజులేలారు, నెపోలియన్ చెల్లెలు కూడా ఏలింది. ఏటా పూలు మాత్రం పనిమనిషి పేరనే!

ఆ తర్వాత మేము వెళ్ళిన చోటు నాకు అన్నిటికంటే నచ్చింది. ఒక సన్నని సందులోంచి కమాను దాటగానే గుడ్డు ఆకారంలో విశాలమైన మైదానం, చుట్టూ పసుపు రంగు ఇళ్ళు. రోమనుల కాలంలో అది వేలమంది కూర్చుని పోటీలు చూసిన క్రీడారంగం. రాజ్యం పోయాక జనం దాని గోడలనే ఆసరా చేసుకుని ఇళ్ళు కట్టుకున్నారు. మెట్ల వరుసలు పోయినా ఆకారం పోలేదు. 1830 ప్రాంతంలో నొత్తొలీని అనే వాస్తుశిల్పి మధ్యలో పెరిగిన కట్టడాలను తొలగించి సంత వీధిగా మార్చాడు. రోమనుల నాటి నేల ఇప్పటి నేలకు సుమారు మూడు మీటర్ల లోతున ఉంది. అక్కడ బెంచీ మీద కూర్చుని శనగపిండితో చేసిన అట్టు తిన్నాం. దాని పేరు చెచీనా. శనగపిండి, నీళ్ళు, నూనె, ఉప్పు, అంతే. శాకాహారులు నిర్భయంగా తినవచ్చు. కాస్త అల్లం పచ్చిమిర్చి పడితే మనదే అనిపించేది.

చివరగా గ్వినీజి బురుజు. ఎత్తు 44 మీటర్లు, మెట్లు 230 వరకు ఉంటాయి. దాని నెత్తి మీద సింధూర జాతి చెట్లు ఏపుగా పెరిగి ఉంటాయి. గైడు ముందే లెక్క చెప్పింది గనుక మా ఆవిడ కింద కాఫీ తాగుతూ కూర్చుంది. నేను మధ్యలో మూడుసార్లు ఆగి ఎక్కాను. పై నుంచి ఎర్ర పెంకుల ఊరు, చుట్టూ వడ్డాణంలా గోడ కనిపించాయి.

వెళ్ళదలచినవారికి రెండు మాటలు. ఆ వీధులు రాతి పరుపు, కాబట్టి మెత్తని అట్ట ఉన్న బూట్లు తప్పనిసరి. రక్తపోటు, మధుమేహం మాత్రలు డాక్టరు చీటీతో సహా చేతి సంచిలోనే ఉంచుకోండి. ప్రయాణ బీమా లేకుండా వీసా రాదు. చర్చీలలోకి భుజాలు కప్పుకుని వెళ్ళాలి, మన చీరకు, పంచెకు ఇబ్బంది లేదు. ఎండాకాలం వద్దు, ఏప్రిల్‌గాని అక్టోబరుగాని మేలు. అన్నిటికంటే ముఖ్యం, మొదటి పూటే గైడుతో నడవండి. తర్వాత మీరొక్కరే తిరిగినా ఊరు మీతో మాట్లాడుతుంది.

ఇక నేను ఈ ప్రసంగానికి ఒప్పుకున్న అసలు కారణం. మన ఊరిలోనూ కొలువు మానిన కట్టడం ఒకటుంది. పాత గోదావరి వంతెన. 1900లో రైలు నడిచింది, 1997లో ఆగింది. నడకదారిగా మార్చాలని ఎన్నో ప్రతిపాదనలు వచ్చాయి. 2025లో అఖండ గోదావరి పథకానికి శంకుస్థాపన కూడా జరిగింది. ఇనుము, రాయి సంగతి ప్రభుత్వం చూస్తుందనుకుందాం. కాని ఆ వంతెన మీద బండి నడిపినవారు, వరదలో స్తంభాలను కనిపెట్టినవారు ఎంతమంది మిగిలారు? రేపు మనుమడు ఆ వంతెన మీద నడుస్తూ "ఇదేమిటి తాతా?" అంటే చెప్పేదెవరు? లుక్కాలో నాకు గోడ నచ్చింది. గోడ కథ తెలిసిన మనిషి ఉండటం అంతకంటే నచ్చింది.

అందుచేత నా ప్రతిపాదన చిన్నది. నెలకు రెండు ఆదివారాలు, ఉదయం ఆరు గంటలకు, మనమూ ఒక నడక పెట్టుకుందాం. గట్టు సంగతి నేను చెబుతాను. వంతెన సంగతి రైల్వే మిత్రులు, వీరేశలింగం పంతులుగారి ఇంటి సంగతి ఉపాధ్యాయ మిత్రులు చెప్పాలి. కుర్రాళ్ళెవరైనా దాన్ని ఫోనులో రికార్డు చేస్తారు. మోకాళ్ళ నొప్పులవారికి కుర్చీలు వేయిద్దాం, మెట్ల లెక్క ముందే చెబుదాం. పేర్లు ఇవ్వదలచినవారు టీ విరామంలో కార్యదర్శి గారి పుస్తకంలో రాయించండి. వచ్చే ఆదివారం పుష్కరాల రేవు దగ్గర కలుసుకుందాం.