మందుకు లొంగని పొదుగువాపు

(పెద్దవూరలో పాల ఉత్పత్తిదారుల సహకార సంఘాల సభ్యుల ఎదుట సహకార ఇన్‌స్పెక్టర్ చేసిన ప్రసంగ పాఠము)



మేము పశువైద్యులము కాము. సహకార డిప్లొమా చదివి, సంఘాల పుస్తకాలు తనిఖీ చేసేవారము. అయినా పొదుగువాపు గురించి మాట్లాడవలసి వచ్చింది. పూటకు నాలుగు లీటర్లు పోసే సభ్యుడు ఉన్నట్టుండి లీటరున్నరకు దిగుతాడు. అదే పక్షంలో మందుల ఖర్చు పెరుగుతుంది. ఆ తర్వాత బర్రె కోసం తెచ్చిన అప్పు వాయిదా తప్పుతుంది. ఈ మూడూ ఒకే పేరుకు ఎదురుగా కనిపిస్తే ఆ కొట్టంలో ఏం జరుగుతున్నదో రిజిస్టరే చెబుతుంది.

ఈ మధ్య అటువంటి ఖాతా ఒకటి చూశాము. ఊరి పేరు అవసరం లేదు. ఈనిన పదిహేను రోజులకు బర్రెకు ఒక చన్ను వాచింది. దుకాణంలో అడిగి ట్యూబు తెచ్చి ఎక్కించారు. తగ్గలేదు. మరో రకం తెచ్చారు. అదీ కాలేదు, మూడోది తెచ్చారు. పైగా ఒకే ట్యూబు వాచిన చన్నులో సగం, ముందు జాగ్రత్త అనుకుని పక్క చన్నులో సగం ఎక్కించారు. పక్కదీ వాచింది. చివరకు పశువైద్యాధికారి పాల నమూనా పరీక్షకు పంపగా, తేలినది సూడోమోనాస్ అనే సూక్ష్మజీవి. అంతవరకు కొన్న మందులలో ఒక్కటి కూడా దానిపై పనిచేసేది కాదు.

ఈ సూక్ష్మజీవి కొత్తది కాదు. పుండ్లకు కట్టిన గుడ్డ నీలిపచ్చగా మారడానికి కారణం వెదుకుతూ 1882లో ఫ్రాన్సులో గెస్సార్ అనే ఆయన దీనిని వేరుచేశాడు. దీని నివాసం నీరు. తేమ ఉన్నచోటల్లా బతుకుతుంది. గోలెం అడుగున, రబ్బరు పైపు లోపల, పాలు పితికే యంత్రపు గొట్టాలలో జిగురు పొర కట్టుకుని కూర్చుంటుంది. ఆ పొర చాటున ఉన్నదానికి మందు గాని, కడిగే ద్రావణం గాని సరిగా అందదు.

సాగర్ ఆనకట్ట మనకు దగ్గరే. కాని కొట్టంలో పొదుగు కడిగేది గోలెంలో రోజుల తరబడి నిలిచిన నీటితోనే కదా! ఆ గుడ్డ ఒక్కటే, నాలుగు బర్రెలకూ అదే. తుడిచి పొదుగు ఆరకముందే పితుకుతాము. చేతినిండా జారే నీటి చుక్క నేరుగా చన్ను రంధ్రం దగ్గరకే చేరుతుంది. కడగకపోతే పేడ, కడిగితే ఈ నీరు. మరేం చేయాలి? అప్పుడే తోడిన శుభ్రమైన నీటితో కొద్దిగా కడిగి, బర్రెకొక పొడి గుడ్డతో తుడవాలి. గోలెం వారానికొకసారి ఖాళీచేసి, పాచి గీకి, ఎండబెట్టాలి. ఎండ ఖర్చులేని మందు.

ఇక మందుల సంగతి. ఈ జీవి పైపొర చాలా మందులను లోపలికి రానివ్వదు. వచ్చినదానిని మోటారు పెట్టి తోడినట్లు బయటికి తోసివేస్తుంది. పెన్సిలిన్ జాతి మందులను ముక్కలుచేసే రసాయనం కూడా దానివద్ద ఉన్నది. మన భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు గారి ఆధ్వర్యంలో అమెరికాలో కనుగొన్న ఆరియోమైసిన్ 1948లో లోకానికి తెలిసింది. టెట్రాసైక్లిన్ కుటుంబంలో అది మొదటిది. ఎన్నో రోగాలను అణచిన ఆ కుటుంబం కూడా దీనిముందు సాధారణంగా నిలువదు. జెంటామైసిన్, అమికాసిన్ వంటివి కొన్నిసార్లు పనిచేస్తాయి, కొన్నిసార్లు చేయవు. ఏది పనిచేస్తుందో సెన్సిటివిటీ పరీక్షే చెప్పాలి, దుకాణదారు కాదు. ప్రయోగశాలలో పనిచేసిన మందు పొదుగులో ఓడిపోవడమూ ఉన్నది.

కొలిస్టిన్ అని ఒకటుంది. ఆసుపత్రులలో ఏ మందుకూ లొంగని సూడోమోనాస్ సోకిన రోగులకు అది చివరి ఆసరాలలో ఒకటి. అందుకే ఆహారం కోసం పెంచే పశువులకు, కోళ్లకు దానిని భారత ప్రభుత్వం 2019లో నిషేధించింది. పాత నిల్వ ఉన్నదని ఎవరైనా ఇవ్వజూపినా తీసుకోవద్దు. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2017లో ప్రమాదకర జీవుల పట్టిక వేసినప్పుడు, కార్బపెనెం మందులకు లొంగని సూడోమోనాస్‌ను అత్యంత తీవ్రమైన వరుసలో పెట్టింది. 2024 పట్టికలో ఒక మెట్టు దించినా, ఆ జాబితాలోనే ఉంచింది.

మరి మన సభ్యుని బర్రె ఏమైంది? డాక్టరు గారు వాచిన రెండు చన్నులనూ ఎండగట్టించి, మిగతా రెండింటిని కాపాడారు. ఆ మాట రైతుకు మింగుడుపడలేదు, ఆయన బాధ మాకు అర్థమైంది. అయినా ఇంకో నాలుగు ట్యూబులకు డబ్బు పోయడంకన్నా ఆ నిర్ణయమే మేలని మా లెక్క. ఎండగట్టడం డాక్టరు చేతిమీదుగానే జరగాలి. బర్రె మేత మాని, చెవులు చల్లబడితే పరీక్ష ఫలితం కోసం ఆగకుండా వెంటనే పిలవాలి, అది ప్రాణం మీదికి వచ్చిన లక్షణం.

కలబంద, పసుపు, సున్నం నూరి పూయడం జాతీయ పాడి పరిశ్రమాభివృద్ధి సంస్థ కూడా చెబుతున్నదే. పూయండి. దానిని నమ్ముకుని నమూనా పంపడం మాత్రం మానవద్దు.

మందు వేసిన బర్రె పాలు కేంద్రానికి తేవద్దు. ఒక చన్నుకే వేశాము, మిగతా మూడింటివి పోస్తామంటారు. మందు నెత్తురులో కలిసి నాలుగింటిలోనూ దిగుతుంది. కాచినా పూర్తిగా పోదు. అటువంటి పాలు కలిస్తే పెరుగు తోడుకోదు. ఎన్నాళ్లు ఆపాలో మందు చీటీమీద ఉంటుంది. లేనిచోట కనీసం ఏడు రోజులని 2012లో చేర్చిన నిబంధన చెబుతున్నది. ఆ ఏడు రోజుల పాల డబ్బు నష్టమే, కాదనము. సంఘం నిధి నుండి కొంత ఆదుకునే తీర్మానం చేయవచ్చునేమో పాలకవర్గాలు ఆలోచించాలి. లేకుంటే దాచి పోసేవారే ఎక్కువవుతారు.

నమూనా తీసే పద్ధతి కార్యదర్శులు రాసుకోండి. మందు వేయకముందే తీయాలి. చేతులు సబ్బుతో కడుక్కుని, చన్ను కొనను స్పిరిట్ దూదితో తుడిచి ఆరనివ్వాలి. మొదటి రెండు మూడు ధారలు వదిలేసి, తర్వాతి పాలను నీటిలో మరగబెట్టి ఆరబెట్టిన సీసాలో పట్టాలి. సీసామీద సభ్యుని పేరు, ఏ చన్నో, తేదీ రాసి, మంచుముక్కల మధ్య అదే రోజు పశువైద్యశాలకు చేర్చాలి. ఇప్పుడు ఎవరి బర్రెకైనా పొదుగు వాచి ఉంటే, సమావేశం ముగియగానే కార్యదర్శి దగ్గర పేరు రాయించండి.